‘మనం’ ‘మేము’గా మారే చోట: ఆనంద్ పట్వర్ధన్ డాక్యుమెంటరీలు

ఉత్తమ పురుష బహువచనానికి తెలుగులో రెండు మాటలున్నాయి. వినేవారిని కూడా కలుపుకొని మాట్లాడేటప్పుడు ‘మనం’ అంటారు. వారిని బయట నిలిపి మాట్లాడేటప్పుడు ‘మేము’ అంటారు. మరాఠీలోనూ ఈ తేడా ఉంది గాని, హిందీలో ‘హమ్’ అన్న ఒక్క మాటే రెండు పనులూ చేస్తుంది కాబట్టి, ఊరేగింపులో ఆ మాట వినిపించినప్పుడు అందులో పక్కింటివాడు ఉన్నాడో లేడో నినాదాన్ని బట్టి తెలియదు, నినాదం ఇస్తున్న మనిషిని అడిగితే తప్ప తేలదు. మతఘర్షణల చరిత్రను ‘మనం’ కుంచించుకుపోయి ‘మేము’గా మిగిలిన చరిత్రగా చదవవచ్చు. భారతదేశంలో ఈ మార్పు జరిగే చోట్లను ఐదు దశాబ్దాలుగా కెమెరాతో వెంబడించి, గుంపులోని మనుషులను ఒక్కొక్కరినే ఆపి ప్రశ్నించిన డాక్యుమెంటరీ దర్శకుడు ఆనంద్ పట్వర్ధన్.

డాక్యుమెంటరీ అంటే కల్పిత కథ, నటులు లేకుండా వాస్తవ సంఘటనలను, నిజమైన మనుషులను ఆధారం చేసుకొని తీసే చిత్రం. ఈ పేరు వినగానే పాతతరం తెలుగు ప్రేక్షకులకు సినిమాహాల్లో అసలు చిత్రానికి ముందు తప్పనిసరిగా వేసే ప్రభుత్వ న్యూస్‌రీళ్లు గుర్తుకు వస్తాయి. 1948లో ఏర్పడిన ఫిల్మ్స్ డివిజన్ తయారుచేసిన ఆ చిత్రాల్లో ఆనకట్టలు, కర్మాగారాలు, మంత్రుల ప్రారంభోత్సవాలు కనిపించేవి, గంభీరమైన ఒక గొంతు వాటి వెనుక వ్యాఖ్యానం చెబుతూ ఉండేది. ప్రభుత్వం ప్రజలకు చెప్పదలచుకున్నదాన్ని ఆ చిత్రాలు మోసుకువచ్చాయి. ప్రజలు ప్రభుత్వానికీ, నాయకులకూ, మతపెద్దలకూ చెప్పదలచుకున్నదాన్ని మోసుకుపోయే చిత్రాలు స్వతంత్ర నిర్మాతల చేతుల్లో 1970ల తరువాతనే బలపడ్డాయి, ఆ ధారను మొదలుపెట్టిన కొద్దిమందిలో పట్వర్ధన్ ఒకరు.

నేపథ్యం, తొలి చిత్రాలు

పట్వర్ధన్ 1950 ఫిబ్రవరి 18న బొంబాయిలో జన్మించారు. తండ్రి వైపు కుటుంబం స్వాతంత్ర్యోద్యమంలో మునిగి ఉన్నది. పెదతండ్రులు రావు పట్వర్ధన్, అచ్యుత్ పట్వర్ధన్ జాతీయోద్యమ నాయకులు కాగా, వారిలో అచ్యుత్ 1942 క్విట్ ఇండియా ఉద్యమకాలంలో అజ్ఞాతంలో ఉండి పనిచేసిన సోషలిస్టుగా ప్రసిద్ధులు. తల్లి నిర్మల శాంతినికేతన్‌లో కళ అభ్యసించిన కుండల కళాకారిణి; ఆమె పుట్టిన హైదరాబాదు దక్కనులోనిది కాదు, దేశవిభజనతో పాకిస్తాన్‌కు వెళ్లిన సింధ్ ప్రాంతంలోనిది. బొంబాయి ఎల్ఫిన్‌స్టన్ కళాశాలలో ఆంగ్ల సాహిత్యం, అమెరికాలోని బ్రాండైస్ విశ్వవిద్యాలయంలో సమాజశాస్త్రం, ఆ తరువాత కెనడాలోని మెక్‌గిల్ విశ్వవిద్యాలయంలో ప్రసార మాధ్యమాల అధ్యయనం చేసిన పట్వర్ధన్, వియత్నాం యుద్ధానికి వ్యతిరేకంగా అమెరికా విద్యార్థులు కదిలిన కాలాన్ని అక్కడే ఉండి చూశారు.

మొదటి ముఖ్యచిత్రం ‘క్రాంతి కీ తరంగే’ బీహారులో జయప్రకాశ్ నారాయణ్ నాయకత్వంలో సాగిన ఉద్యమం గురించినది. ఇంట్లో పెళ్లిళ్లు, పుట్టినరోజులు తీసుకునే చవకరకం సూపర్ ఎయిట్ ఫిల్ముతో అందులోని కొన్ని భాగాలను చిత్రీకరించి, వాటిని తెర మీద ప్రదర్శిస్తూ మళ్లీ 16 మిల్లీమీటర్ల కెమెరాతో తీసి పెద్ద ఫిల్ములోకి మార్చవలసి వచ్చింది. 1975లో అత్యవసర పరిస్థితి విధించాక ఈ చిత్రం బహిరంగంగా చూపే వీలు లేకపోవడంతో ప్రింటును ముక్కలుచేసి వేర్వేరు మనుషుల ద్వారా విదేశాలకు దాటించారు. అత్యవసర పరిస్థితి ముగిశాక రాజకీయ ఖైదీల మీద ‘జమీర్ కే బందీ’ (1978), ఆ తరువాత బొంబాయి మురికివాడల కూల్చివేతల మీద ‘హమారా షహర్’ (1985) వచ్చాయి. ఈ చివరి చిత్రానికి కథేతర విభాగంలో ఉత్తమ చిత్రంగా జాతీయ పురస్కారం లభించింది. మురికివాడల ప్రజల కోసం అందులో పాడిన ఒక గాయకుడు పన్నెండేళ్ల తరువాత మరో చిత్రానికి కారణమవుతాడు.

గుంపును ఏకవచనంలో అడగడం

పట్వర్ధన్ పద్ధతిని అర్థం చేసుకోవడానికి డాక్యుమెంటరీలో ఉన్న రెండు దారులను గుర్తించాలి. మొదటిదానిలో దర్శకుడు తెర వెనుక దాగి, జరిగేదాన్ని జోక్యం లేకుండా చిత్రీకరిస్తాడు. రెండవదానిలో దర్శకుడు ప్రశ్నించేవాడుగా బయటపడి, ఆ ప్రశ్నకు ఎదుటివారు ఎలా స్పందించారన్నదే చిత్రంగా మారుతుంది. పట్వర్ధన్ రెండవ దారి మనిషి. చాలా సందర్భాల్లో కెమెరా తన భుజం మీదనే ఉంటుంది, కూర్పు పని కూడా తానే చేస్తారు, తెర మీద తాను కనిపించకపోయినా కెమెరా వెనుక నుంచి గొంతు పెంచకుండా అడిగే ప్రశ్నలు వినిపిస్తూ ఉంటాయి. నిపుణుల విశ్లేషణలకు బదులు రోడ్డు మీది మనుషుల మాటలకే తెర దక్కుతుంది.

ఆ ప్రశ్నలు తరచు చిన్నవిగా, దాదాపు అమాయకంగా ఉంటాయి. నినాదం ఇస్తున్న యువకుణ్ణి ఆపి, ఆ మాటకు అర్థమేమిటి, నీకు ఎవరు చెప్పారు, నీవు ఏం చదువుతున్నావు అని అడిగినప్పుడు అతడు గుంపులోని గొంతు కాకుండా ఒక పేరు, ఒక ఊరు, ఒక చదువు ఉన్న మనిషిగా జవాబు చెప్పవలసి వస్తుంది. కొందరు అప్పుడు తడబడతారు, కొందరు మరింత గట్టిగా అదే మాట అంటారు, కొందరు అనుకోని విధంగా మనసు విప్పుతారు. బహువచనంలో సులువుగా పలికిన మాటను ఏకవచనంలో మళ్లీ చెప్పమనడం ఈ చిత్రాలన్నిటి వెనుక ఉన్న మూలసూత్రం.

మత రాజకీయాల మీద మూడు చిత్రాలు

1980ల చివర పంజాబ్‌లో ఒకవైపు ఖలిస్తాన్ తీవ్రవాదం, మరోవైపు ప్రభుత్వ అణచివేత సాగుతున్న రోజుల్లో తీసిన ‘ఉనా మిత్రాన్ దీ యాద్ ప్యారీ’ (1990) ఈ వరుసలో మొదటిది. భగత్‌సింగ్‌ను ప్రభుత్వం దేశభక్తుడిగా, తీవ్రవాదులు సిక్కు వీరుడిగా తమ తమ ‘మేము’లో కలుపుకొంటున్నప్పుడు, తాను నాస్తికుణ్ణని జైలులో రాసుకున్న భగత్‌సింగ్‌ను గుర్తుచేస్తూ ఊరూరా తిరిగిన హిందూ, సిక్కు వామపక్ష కార్యకర్తలను ఈ చిత్రం అనుసరిస్తుంది. చనిపోయినవాడికి ఏ అస్తిత్వం అంటగట్టాలన్నది బతికున్నవారి తగాదాగా మారిన తీరు ఇందులో కనిపిస్తుంది. అస్తిత్వం అంటే ఇక్కడ ‘నేను ఎవరిని’ అన్న ప్రశ్నకు మతం, కులం, ప్రాంతం, వర్గం, లింగం ఆధారంగా మనిషి తానుగా చెప్పుకొనే, లేదా ఇతరులు చెప్పిపెట్టే జవాబు.

రెండవది ‘రామ్ కే నామ్’ (1992). అయోధ్యలో బాబ్రీ మసీదు ఉన్న చోట రామమందిరం కట్టాలన్న ఉద్యమంలో భాగంగా 1990 సెప్టెంబరు 25న సోమనాథ్ నుంచి బీజేపీ నాయకుడు ఎల్.కె. అద్వానీ రథయాత్ర బయలుదేరింది, అక్టోబరు 23న బీహారులోని సమస్తిపూర్‌లో ఆయనను అరెస్టు చేశారు, అక్టోబరు 30న కరసేవకులు, అంటే మందిర నిర్మాణానికి స్వచ్ఛందంగా తరలివచ్చినవారు, అయోధ్యలో బాబ్రీ మసీదు వద్దకు చేరుకున్నప్పుడు పోలీసు కాల్పులు జరిగాయి. ఈ నెలల్లో చిత్రీకరించిన డాక్యుమెంటరీ ఉద్యమ నాయకులు, కరసేవకులతో పాటు అయోధ్య చుట్టుపక్కల పొలాల్లో పనిచేసే దళిత కూలీలను, స్థానిక ముస్లింలను, 1949 డిసెంబరులో మసీదులో రామవిగ్రహాలు పెట్టిన రాత్రి నాటి సంగతులు తెలిసిన ఒక మహంతును కూడా మాట్లాడించింది. రాముడు ఏ కాలంలో జన్మించాడని అడిగినప్పుడు జవాబు తడుముకొనే యువకులు కొందరున్నారు, కూలి దొరికితేనే పొయ్యి వెలిగే తమకు ఈ తగాదా ఎందుకని అడిగే పేదలు కొందరున్నారు.

ఈ చిత్రానికి ఆయువుపట్టు పూజారి లాల్‌దాస్. న్యాయస్థానం నియమించిన ప్రధాన పూజారిగా అక్కడి రామవిగ్రహానికి నిత్యపూజ చేసే ఆయనే, జరుగుతున్న ఉద్యమానికి ప్రేరణ భక్తి కాదనీ, రాజకీయమూ డబ్బూ అనీ, శతాబ్దాలుగా కలిసి బతికిన రెండు మతాలవారి మధ్య చిచ్చు పెట్టడం ధర్మం కాదనీ కెమెరా ముందు శాంతంగా చెబుతారు. భక్తి ఒకవైపు, లౌకికత మరొకవైపు అన్న తేలిక విభజన ఆయన దగ్గర నిలవదు, ఎందుకంటే చిత్రంలో అందరికంటే రాముడికి దగ్గరగా ఉన్న మనిషే రాముడి పేరిట జరిగేదాన్ని ప్రశ్నిస్తున్నాడు. 1992లో లాల్‌దాస్‌ను ఆ పదవి నుంచి తొలగించారు, ఆ ఏడాది డిసెంబరు 6న మసీదును కూల్చివేశారు, 1993 నవంబరులో ఆయన హత్యకు గురయ్యారు. 2019 నవంబరులో సుప్రీంకోర్టు వివాదస్థలాన్ని మందిరానికి అప్పగిస్తూనే, 1949లో విగ్రహాలు పెట్టడాన్నీ 1992 కూల్చివేతనూ చట్టవిరుద్ధ చర్యలుగా పేర్కొన్నది.

మూడవది ‘పితృ, పుత్ర ఔర్ ధర్మయుద్ధ్’ (1995). మతఘర్షణకు మూలం మతగ్రంథాల్లో ఉందా, రాజకీయాల్లో ఉందా అన్న పరిచిత చర్చను దాటి, మగతనం గురించిన భయాల్లో కూడా అది ఉందని ఈ చిత్రం వాదిస్తుంది. రెండు భాగాల్లో మొదటిది 1987లో రాజస్థాన్‌లోని దేవరాలాలో జరిగిన సతీసహగమన సంఘటన వెనుక స్త్రీల స్థితిని పరిశీలిస్తే, ‘హీరో ఫార్మసీ’ అన్న రెండవది 1992-93 బొంబాయి అల్లర్ల నేపథ్యంలో, వీధుల్లో పౌరుషానికి మందులమ్మేవారి దగ్గర నుంచి పౌరుషం గురించి ప్రసంగించే నాయకుల దాకా నడుస్తుంది. ఎదుటి మతం మగవాళ్లతో పోలిస్తే తాము బలహీనులమన్న అనుమానాన్ని రెండు వైపులా రేకెత్తించి, ఆ అవమానభారాన్ని హింసగా మార్చే తీరును చూపడం ఈ చిత్రం ప్రత్యేకత.

దేశం, కులం, హేతువు

1998 మే 11, 13 తేదీల్లో భారతదేశం పోఖ్రాన్‌లో, అదే నెలాఖరులో పాకిస్తాన్ చాగై కొండల్లో అణుపరీక్షలు జరిపాయి. బుద్ధపూర్ణిమ నాడు మొదలైన ఆ పరీక్షలకు వీధుల్లో మిఠాయిలు పంచుకున్న ఉత్సాహాన్ని, పోఖ్రాన్ దగ్గరి పల్లెల్లో అనారోగ్యాల గురించి చెప్పుకొనే గ్రామస్థుల ఆందోళనను, హిరోషిమా బాధితుల జ్ఞాపకాలను ‘జంగ్ ఔర్ అమన్’ (2002) ఒకచోట చేర్చింది. గాంధీ హత్యతో మొదలయ్యే ఈ చిత్రంలో అస్తిత్వం మతం నుంచి దేశానికి విస్తరిస్తుంది. లాహోరు పాఠశాలలో అణుబాంబును సమర్థిస్తూ ధాటిగా ప్రసంగించిన బాలికలు, పోటీలో గెలవడానికి అలా మాట్లాడామని తరువాత నవ్వుతూ ఒప్పుకోవడం ఒక ముఖ్య ఘట్టం. చప్పట్లు కావాలంటే ఏ మాటలు మాట్లాడాలో ఆ వయసు పిల్లలకు కూడా తెలుసునన్న సంగతి సరిహద్దుకు ఇవతలి ప్రేక్షకులకూ కొత్తగా అనిపించదు.

అన్నిటిలోకీ దీర్ఘకాలం సాగినది ‘జై భీమ్ కామ్రేడ్’ (2011). 1997 జులై 11న ముంబయిలోని ఘాట్‌కోపర్ ప్రాంతంలో రమాబాయి కాలనీలో అంబేడ్కర్ విగ్రహానికి చెప్పుల దండ వేసి ఉండటం చూసి నిరసనకు దిగిన దళితుల మీద పోలీసులు కాల్పులు జరపగా పదిమంది మరణించారు. నాలుగు రోజుల తరువాత, ‘హమారా షహర్’లో పాడిన దళిత ప్రజాగాయకుడు విలాస్ ఘోగ్రే ఆత్మహత్య చేసుకున్నాడు. మార్క్సిస్టు సాంస్కృతిక బృందంలో పనిచేసి, దాని నుంచి దూరమైన అతడు, చనిపోయేనాటికి తలకు నీలిరంగు గుడ్డ కట్టుకొని ఉన్నాడు. ఎరుపు వర్గపోరాటానికి, నీలం అంబేడ్కర్ ఉద్యమానికి గుర్తులు. ఆ రంగుల మార్పు వెనుక ఉన్న ప్రశ్నకు సమాధానం కోసం పట్వర్ధన్ పద్నాలుగేళ్లు చిత్రీకరణ సాగించి, మూడు గంటలకు మించిన చిత్రం తయారుచేశారు.

ఈ చిత్రం వద్ద ‘మేము’ అన్న మాటకు మరో అర్థం తెరుచుకుంటుంది. పైనున్నవారు కిందివారిని బయటికి నెట్టడానికి వాడే ‘మేము’ వేరు, శతాబ్దాలుగా బయట నిలబెట్టినవారు తమ గౌరవం కోసం పలికే ‘మేము’ వేరు. కులం పేరెత్తకుండా కార్మికులందరూ ఒక్కటే అన్న ఎర్రజెండా ‘మనం’లో దళిత గాయకుడి అనుభవానికి చోటు ఎంత అన్న సందేహం చిత్రమంతా వెన్నాడుతుంది, అదే సమయంలో ఓట్ల కోసం అస్తిత్వాన్ని బేరం పెట్టే దళిత నాయకత్వాన్ని కూడా చిత్రం వదిలిపెట్టదు. బాధను, కోపాన్ని, హాస్యాన్ని కలిపి పాడే మరాఠీ గాయకులు ఇందులో నిండుగా ఉన్నారు. పాటనే ఆయుధంగా చేసుకున్న ప్రజాకళాకారుల సంప్రదాయం బలంగా ఉన్న తెలుగునేల ప్రేక్షకులకు ఈ గొంతులు పరాయివిగా తోచవు.

2018లో వచ్చిన ‘వివేక్’ ఎనిమిది అధ్యాయాలుగా, సుమారు నాలుగు గంటలు సాగుతుంది. మూఢనమ్మకాలకు వ్యతిరేకంగా పనిచేసిన నరేంద్ర దాభోల్కర్ 2013 ఆగస్టులో, కమ్యూనిస్టు నాయకుడు, రచయిత గోవింద్ పన్సారే 2015 ఫిబ్రవరిలో, కన్నడ పండితుడు ఎం.ఎం. కల్బుర్గి అదే ఏడాది ఆగస్టులో, పాత్రికేయురాలు గౌరీ లంకేశ్ 2017 సెప్టెంబరులో తుపాకి గుండ్లకు బలయ్యారు. హేతువును, అంటే ఆధారం చూసి ఆలోచించి నిర్ణయానికి రావడాన్ని, మతద్రోహంగా చిత్రించే వాతావరణం మీద ఈ డాక్యుమెంటరీ దృష్టి పెట్టింది. 2016 జనవరి 17న హైదరాబాదు విశ్వవిద్యాలయంలో ఆత్మహత్య చేసుకున్న పరిశోధక విద్యార్థి రోహిత్ వేముల ఉదంతం, ఆ తరువాత లేచిన విద్యార్థి ఉద్యమం కూడా ఇందులో భాగం. నెదర్లాండ్స్‌లోని ఆమ్‌స్టర్‌డామ్ అంతర్జాతీయ డాక్యుమెంటరీ ఉత్సవంలో 2018లో పూర్తినిడివి చిత్రాల విభాగంలో దీనికి ఉత్తమ పురస్కారం లభించింది.

తెరకు దారి న్యాయస్థానం మీదుగా

భారతదేశంలో చిత్రాన్ని బహిరంగంగా ప్రదర్శించాలంటే 1952 నాటి సినిమాటోగ్రాఫ్ చట్టం ప్రకారం సెన్సారు బోర్డు ధ్రువపత్రం ఉండాలి. అందరూ చూడదగినదానికి ‘యు’, పెద్దలకు మాత్రమే అయినదానికి ‘ఎ’ వంటి గుర్తులు ఇస్తారు, అభ్యంతరకరమని తోచిన భాగాలను కత్తిరించమని కూడా బోర్డు కోరవచ్చు. ఇలాంటి ముందస్తు పరిశీలన రాజ్యాంగం ఇచ్చిన భావప్రకటన స్వేచ్ఛకు విరుద్ధమంటూ దర్శకుడు కె.ఎ. అబ్బాస్ తన డాక్యుమెంటరీ విషయంలో వేసిన వ్యాజ్యంలో సుప్రీంకోర్టు 1970లో సెన్సారు చెల్లుతుందనే తీర్పు చెప్పింది. అప్పటి నుంచి పోరు సెన్సారు ఉండాలా వద్దా అన్నదాని నుంచి, దాన్ని ఏ కొలబద్దతో అమలుచేయాలన్నదానికి మళ్లింది. పట్వర్ధన్ వ్యాజ్యాలు ఆ కొలబద్దను తేల్చడంలో గణనీయమైన పాత్ర వహించాయి.

‘రామ్ కే నామ్’కు ‘యు’ ధ్రువపత్రం, పరిశోధనాత్మక డాక్యుమెంటరీగా జాతీయ పురస్కారం వచ్చినా, ప్రభుత్వ టీవీ అయిన దూరదర్శన్ దాన్ని ప్రసారం చేయడానికి అంగీకరించలేదు. బొంబాయి హైకోర్టు ఆదేశం తరువాతనే 1997లో అది ఇంటింటి తెర మీదికి వచ్చింది. ‘పితృ, పుత్ర ఔర్ ధర్మయుద్ధ్’ విషయం సుప్రీంకోర్టు దాకా వెళ్లగా, 2006 ఆగస్టులో న్యాయస్థానం ప్రసారానికి అనుకూలంగా తీర్పునిస్తూ, చిత్రాన్ని ముక్కలుగా కాకుండా మొత్తంగా, ఇంగితజ్ఞానం గల సగటు మనిషి దృష్టితో తూచాలన్న సూత్రాన్ని మళ్లీ నొక్కిచెప్పింది. ‘జంగ్ ఔర్ అమన్’కు బోర్డు 21 కత్తిరింపులు కోరగా, 2003లో బొంబాయి హైకోర్టు ఒక్కటీ అక్కరలేదన్నది. 2004లో ముంబయి అంతర్జాతీయ చిత్రోత్సవం తిరస్కరించిన చిత్రాలను ‘వికల్ప్’ పేరిట దర్శకులే కలిసి వేరుగా ప్రదర్శించుకున్న ఉద్యమంలో పట్వర్ధన్ ముందున్నారు. 2019లో ‘వివేక్’ను కేరళ డాక్యుమెంటరీ ఉత్సవంలో చూపడానికి కేంద్ర ప్రభుత్వం సెన్సారు ధ్రువపత్రం నుంచి మినహాయింపు నిరాకరించినప్పుడు కేరళ హైకోర్టు అనుమతించింది.

తెలుగునేలతో ముడి

ఈ చరిత్రకు హైదరాబాదుతో దగ్గరి సంబంధం ఉంది. 1984 ఆగస్టులో ఎన్.టి. రామారావు ప్రభుత్వాన్ని గద్దె దించి, సెప్టెంబరులో తిరిగి నిలబెట్టిన మధ్యకాలంలో పాతబస్తీలో జరిగిన మతకలహాల మీద దర్శకురాలు దీపా ధన్‌రాజ్ ‘క్యా హువా ఇస్ షహర్ కో?’ (1986) తీశారు. కర్ఫ్యూ పెట్టిన గల్లీల్లో రోజుకూలి పోగొట్టుకున్న రెండు మతాల కుటుంబాల అవస్థను నమోదు చేసిన ఆ చిత్రం ‘రామ్ కే నామ్’ కంటే ఆరేళ్లు ముందరిది. రోహిత్ వేముల ఉదంతం తరువాత విద్యార్థి ఉద్యమం మీద ‘వీ హావ్ నాట్ కమ్ హియర్ టు డై’ (2018) తీసినది కూడా ఆమే. ఇక పట్వర్ధన్ చిత్రం విషయానికి వస్తే, 2019 ఆగస్టులో హైదరాబాదు విశ్వవిద్యాలయంలో విద్యార్థులు ఏర్పాటు చేసిన ‘రామ్ కే నామ్’ ప్రదర్శనను పోలీసులు ఆపారు. 2024 జనవరిలో, అయోధ్య మందిర ప్రాణప్రతిష్ఠకు రెండు రోజుల ముందు, నగర శివారులో సినిమా అభిమానుల బృందం ఏర్పాటు చేసిన ప్రదర్శన కూడా ఆగిపోయి, నిర్వాహకుల అరెస్టుల దాకా వెళ్లింది. జాతీయ పురస్కారం పొంది, ప్రభుత్వ టీవీలోనే ప్రసారమైన చిత్రానికి మూడు దశాబ్దాల తరువాత ఎదురైన అనుభవం ఇది.

విమర్శ, సమాధానం

పట్వర్ధన్ చిత్రాల మీద గట్టి విమర్శలు ఉన్నాయి. హిందూ సంస్థల సమర్థకులు ఈ చిత్రాలు ఒక మతాన్నే బోనులో నిలబెడతాయనీ, భక్తుల మనోభావాలను పట్టించుకోవనీ అంటారు. మరోవైపు, కెమెరా ముందు తడబడిన సామాన్యుణ్ణి కూర్పులో నవ్వులపాలు చేయడం సమంజసమా అన్న ప్రశ్న డాక్యుమెంటరీ కళలోనే ఉన్నది. ఎవరిని ఎంతసేపు చూపాలి, ఏ జవాబు పక్కన ఏ దృశ్యం అతకాలి అన్న నిర్ణయాలన్నీ దర్శకుడివే కాబట్టి, వాస్తవాన్నే చూపుతున్నా అది ఎంచుకున్న వాస్తవమే అవుతుంది. అయితే తటస్థుణ్ణని పట్వర్ధన్ ఎన్నడూ చెప్పుకోలేదు. తన పక్షం ఏదో దాచకుండా చెబుతూ, ఎదుటి పక్షం మాటను వారి గొంతుతోనే వినిపించడం ఆయన ఎంచుకున్న నిజాయితీ. లాల్‌దాస్ ఉన్న చిత్రాన్ని మతం మీద దాడిగా చూడటం కష్టం. మతం పేరిట మాట్లాడే హక్కు ఎవరిదన్న తగాదాగా చూస్తేనే అది పూర్తిగా అర్థమవుతుంది.

2023లో వచ్చిన ‘వసుధైవ కుటుంబకం’లో అదే కెమెరా వీధి నుంచి ఇంటిలోకి తిరిగింది. ముసలితనంలో ఉన్న తల్లిదండ్రులను ఏళ్ల తరబడి చిత్రీకరించిన దృశ్యాల్లో స్వాతంత్ర్యోద్యమపు జ్ఞాపకాలు, విభజనతో చేజారిన సింధ్, దంపతుల చిలిపి వాదనలు కలిసిపోయి వస్తాయి. భూమి అంతా ఒకే కుటుంబమన్న ఉపనిషత్తు మాటను ప్రభుత్వ వేదికల మీద పెద్దక్షరాల్లో రాయడం తేలిక. దాన్ని ఒక ఇంటి తీరుగా చేసుకొని బతికిన ఇద్దరిని ఈ చిత్రం చూపిస్తుంది: సింధీ తల్లి, మరాఠీ తండ్రి, చుట్టూ రకరకాల నమ్మకాల బంధుమిత్రులు. జీవితమంతా గుంపుల్లోని మనుషులను ‘మీరు ఎవరు’ అని అడిగిన దర్శకుడు ఆ ప్రశ్నను చివరికి తన వాళ్లనూ అడిగారు. వారి జవాబులో ‘మనం’ అన్న మాట సింధ్‌లోని హైదరాబాదు దాకా, సరిహద్దు గీత అవతలి దాకా చాచుకొని ఉంది.